స్టేషన్లో ఒప్పుకున్నాడుగా, మరి కేసెందుకు కొట్టేశారు?

పేపర్లో ఆ ఫొటో మీరు చాలాసార్లు చూసే ఉంటారు. మధ్యలో కుర్చీలో డీఎస్పీ గారు, వెనక ముఖాలకి గుడ్డలు కట్టిన ఇద్దరు ముగ్గురు, ముందు టేబుల్ మీద వరసగా ఒక కత్తి, రెండు సెల్‌ఫోన్లు, బంగారు గొలుసు, నోట్ల కట్ట. కింద "విచారణలో నిందితుడు నేరం ఒప్పుకున్నాడు" అని ఒక లైను. నాలుగైదేళ్లు పోయాక అదే పేపర్లో, ఎక్కడో లోపలి పేజీలో, బొటనవేలంత వార్త వస్తుంది: సరైన సాక్ష్యాలు లేనందున కేసు కొట్టివేత. అది చదివి మనందరం అనే మాట ఒకటే. "ఎంత తిన్నారో!"

తినడం అసలు ఉండదని నేనేమీ ప్రమాణం చేయబోవట్లేదు. కానీ కొన్నేళ్లుగా కోర్టు వరండాల్లో ఫైళ్లు మోస్తున్నవాడిగా చెప్తున్నా, చాలా కేసులు పోవడానికి ఎవరూ పైసా ముట్టక్కర్లేదు. ఆ ఫొటోలో మీకు కనపడే రెండు విషయాల్లో మొదటిదాన్ని, అంటే ఆ ఒప్పుకోలుని, కోర్టు చెవిన పెట్టనే పెట్టదు. రెండోది, టేబుల్ మీద సామాను. దాని కథలో ఒక్క ముక్క మాత్రమే వింటుంది. మిగతా కేసంతా వేరేచోట నిలబడాలి. నిలబడకపోతే పడిపోతుంది, అంతే.

ముందు చట్టం సంగతి. 1872 నుంచి మనకున్న ఎవిడెన్స్ యాక్టు 2024 జులై 1తో పోయి, దాని స్థానంలో భారతీయ సాక్ష్య అధినియం వచ్చింది. అప్పటికే విచారణలో ఉన్న కేసులకి పాతదే వర్తిస్తుంది కాబట్టి కోర్టుల్లో ఇప్పుడు రెండు పుస్తకాలూ పట్టుకుని తిరుగుతున్నాం. పేరు మారింది, నంబర్లు మారాయి, ఎలక్ట్రానిక్ రికార్డుల దగ్గర కొంత కొత్తగా చేర్చారు గానీ ఎముకలు మాత్రం ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ అనే ఇంగ్లీషాయన 150 ఏళ్ల కిందట రాసినవే. పాతదాంట్లో 25, 26, 27 సెక్షన్లుగా ఉన్న మూడు ముక్కల్ని కొత్తదాంట్లో 23వ సెక్షన్‌గా ఒకే చోట పెట్టారు. మనం మాట్లాడుకునేదంతా ఆ మూడు ముక్కల చుట్టూనే.

మొదటి ముక్క: పోలీసు అధికారికి చెప్పిన నేర ఒప్పుకోలుని ముద్దాయి మీద రుజువుగా వాడకూడదు. రెండోది: పోలీసు కస్టడీలో ఉండగా ఇంకెవరికి చెప్పినా సరే, మేజిస్ట్రేటు ఎదురుగా చెప్తే తప్ప పనికిరాదు. అంటే స్టేషన్లో ఎస్సైకి చెప్పినా, లాకప్ బయట నిలబడ్డ బావమరిదికి చెప్పినా, మైకు పట్టుకొచ్చిన విలేకరికి చెప్పినా కోర్టు దృష్టిలో అది సున్నా. సంతకం పెట్టాడా లేదా అన్న ప్రశ్న కూడా రాదు, వీడియో తీశారా అన్న ప్రశ్నా రాదు.

ఇంత అపనమ్మకం ఎందుకు? ఈ ప్రశ్నకి జవాబు మన దగ్గరే ఉంది. 1854లో మద్రాసు ప్రెసిడెన్సీలో చిత్రహింసల మీద ప్రభుత్వం ఒక కమిషన్ వేసింది, 1855లో నివేదిక వచ్చింది. అప్పట్లో మన కోస్తా, రాయలసీమ జిల్లాలు ఆ ప్రెసిడెన్సీలోవే. శిస్తు వసూలుకి, దొంగతనాల్లో నేరం ఒప్పించడానికి జనాన్ని ఎలా హింసించేవారో కమిషన్ నివేదిక నిండా ఉంది. చేతివేళ్లని రెండు కర్రల మధ్య పెట్టి నొక్కే సాధనం ఒకటి. దానికి తెలుగులో వాడే పేరు కూడా ఇంగ్లీషు అక్షరాల్లో రాశారు, నేనైతే దాన్ని "చిరత" అని చదువుకున్నాను. ఆ తర్వాత ఆరేళ్లకి, 1861లో వచ్చిన క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో ఈ నిషేధం ఎక్కింది, అక్కడి నుంచి ఎవిడెన్స్ యాక్టులోకి వచ్చింది. తెల్లవాడు తాను పెట్టుకున్న పోలీసుని తానే నమ్మలేదు. స్వతంత్రం వచ్చాక మనమూ ఆ అపనమ్మకాన్ని అలాగే ఉంచుకున్నాం. నా మటుకు నాకు అది మంచి నిర్ణయమే అనిపిస్తుంది.

ముద్దాయి నిజంగానే పశ్చాత్తాపంతో చెప్పాలనుకుంటే దారి లేకపోలేదు. మేజిస్ట్రేటు దగ్గరకి తీసుకెళ్లాలి. ఆయన ముందు "చెప్పాల్సిన అవసరం నీకు లేదు, చెప్తే నీ మీదే వాడతారు" అని హెచ్చరించాలి, ఎవరైనా బెదిరించారా, ఆశ పెట్టారా అని అడగాలి, పోలీసుల్ని గదిలోంచి బయటికి పంపాలి, ఆలోచించుకోవడానికి టైమివ్వాలి. ఇన్ని జరిగాక చాలామంది నోరు తెరవరు. ఎందుకు తెరుస్తారు చెప్పండి?

ఇప్పుడు మూడో ముక్క. అసలు మజా అంతా ఇక్కడే ఉంది. పోలీసులకి చెప్పినది పనికిరాదు అన్నాక చట్టం ఒక చిన్న కిటికీ తెరిచింది. కస్టడీలో ఉన్న ముద్దాయి చెప్పిన మాటవల్ల ఏదైనా వాస్తవం బయటపడితే, ఆ బయటపడిన వాస్తవానికి నేరుగా సంబంధించినంత వరకు ఆ మాటని రుజువు చేసుకోవచ్చు. అది నేర ఒప్పుకోలు అయినా సరే. ఈ ఒక్క వాక్యం మీద మన దేశంలో ఎన్ని వేల తీర్పులు వచ్చాయో. వాటన్నిటికీ మూలస్తంభం ఒక తెలుగు పేరు, పులుకూరి కోటయ్య. కాశ్మీరు నుంచి కేరళ దాకా ఏ లా కాలేజీలో అడిగినా ఈ పేరు చెప్తారు, పలకడం మాత్రం వాళ్లకి చేతకాదు.

గుంటూరు సెషన్స్ కోర్టులో మొదలైన జంట హత్యల కేసది. మద్రాసు హైకోర్టు మీదుగా, అప్పట్లో మన కేసులకి ఆఖరి కోర్టయిన లండన్ ప్రివీ కౌన్సిల్ దాకా వెళ్లింది, 1946 డిసెంబర్‌లో తీర్పు వచ్చింది. ముద్దాయిల్లో ఒకతను పోలీసులకి చెప్పిన వాంగ్మూలం ఆ తీర్పులో ఇంగ్లీషులో ఉంది. అతను చెప్పింది తెలుగులోనే అయ్యుంటుంది కాబట్టి మళ్లీ మన భాషలోకి తెచ్చుకుంటే దాదాపు ఇలా ఉంటుంది: పద్నాలుగు రోజుల కిందట పొద్దుగూకే వేళ మా పార్టీ వాళ్లం పులిపాడు చెరువు మూల దగ్గర వాళ్ల కోసం కాపు కాశాం, ఇద్దర్ని కొట్టి చంపాం, మిగతావాళ్లు పారిపోయారు, మావాడికి చేతుల మీద దెబ్బలు తగిలాయి, వాడి చేతిలో బల్లెం ఉంటే నాకిచ్చాడు, ఆ బల్లేన్నీ నా కర్రనీ ఊళ్లో ఫలానా ఆయన గడ్డివామిలో దాచాను, వస్తే చూపిస్తాను, ఇదంతా కోటయ్య చేయమంటేనే చేశాం. (ఆ వైపు పల్లెల్లో "పార్టీ" అంటే జెండా, గుర్తు కాదు, ఊళ్లో వర్గం.)

మామూలు మనిషి ఇది చదివితే ఏమనుకుంటాడు? ఇంకేం కావాలి, అన్నీ చెప్పేశాడు, వెళ్లి చూస్తే వామిలో బల్లెం దొరికింది కూడా, కాబట్టి చెప్పినదంతా నిజమే అనుకుంటాడు. ప్రాసిక్యూషన్ వాదన కూడా అదే. ప్రివీ కౌన్సిల్ ఆ వాంగ్మూలాన్ని తీసుకుని కత్తెర పట్టుకుంది. కాపు కాయడం పోయింది, కొట్టి చంపడం పోయింది, బల్లెం ఎవరిచ్చారో పోయింది, కోటయ్య చేయమన్నాడన్నదీ పోయింది. మిగిలింది ఒకటే: బల్లేన్నీ నా కర్రనీ ఊళ్లో ఫలానా వామిలో దాచాను, వస్తే చూపిస్తాను.

కారణం వింటే సబబే అనిపిస్తుంది. వామిలో బల్లెం దొరకడం వల్ల రుజువయ్యేదేంటి? అక్కడ బల్లెం ఉందని, అది ఉందని ఇతనికి తెలుసని. ఆ రెండే. దాంతో ఎవర్ని పొడిచారు, ఎందుకు పొడిచారు అన్నది వామి చెప్పదు. ఆ తీర్పులో ఒక చురక ఉంది, నాకు చాలా ఇష్టం. "మా ఇంటి కప్పులో దాచిన కత్తి తీసిస్తాను" అని ముద్దాయి చెప్తే కనిపెట్టింది కత్తిని కాదట, కత్తుల్ని మనుషులు ఎన్నో ఏళ్ల కిందటే కనిపెట్టారట. అక్కడ కత్తి దాచి ఉందన్న సంగతి ఇతనికి తెలుసు అన్నదే కొత్తగా బయటపడిన వాస్తవం. ఆ మాటకి "దాంతోనే ఫలానా వాణ్ని పొడిచాను" అని తోక తగిలిస్తే ఆ తోక చెల్లదు. ఆ కత్తే హత్యకి వాడింది అన్నది ప్రాసిక్యూషన్ వేరే సాక్ష్యంతో, రక్తం పరీక్షతోనో, గాయాలు చూసిన డాక్టరు మాటతోనో, కళ్లారా చూసినవాళ్లతోనో విడిగా నిరూపించుకోవాలి.

పోలీసుల పనిలో చిక్కంతా ఇక్కడే వస్తోందని నా అభిప్రాయం. ఒప్పుకోలు చేతికొచ్చేసరికి కేసు తేలిపోయిందన్న నిశ్చింత వస్తుంది, ఆ విడిగా నిరూపించుకోవాల్సినవన్నీ వెనకబడతాయి. రక్తపు మరకల బట్టలు సీలు సరిగ్గా వేయకుండా స్టేషన్ సామాన్ల గదిలో, అదే మాల్‌ఖానాలో, నెలలు పడి ఉండి ల్యాబుకి వెళ్తాయి, అక్కడి నుంచి "మనిషి రక్తమే, గ్రూపు తేల్చలేం" అని రిపోర్టు వస్తుంది.

కాగితం మీద ఈ కిటికీ ఇలా ఉంటే కోర్టు హాల్లో ఎలా ఉంటుందో ఒకటి చెప్తాను. నేను జూనియర్‌గా చేరిన కొత్తలో మా సీనియర్ చేసిన ఒక క్రాస్, అంటే ఎదుటి పక్షం సాక్షిని ప్రశ్నించడం. మన వైపు ఇలాంటి పంచనామాలకి సాక్షులుగా పిలిచేవాళ్లని మీడియేటర్లు అంటారు, ఎక్కువగా వీఆర్వోలే వస్తారు. సర్కారు ఉద్యోగి కాబట్టి మాట మీద నిలబడతాడని పోలీసుల ధీమా. ఆ రోజు బోనెక్కిన వీఆర్వో గారు రిటైర్మెంటుకి దగ్గర్లో ఉన్నాడు, చొక్కా జేబులో కళ్లజోడు, ఎక్కడ చూడాలో తెలియక జడ్జి గారి బల్ల మీద ఫ్యాను వైపు చూస్తున్నాడు. సర్కారు తరఫు లాయరు పీపీ గారు అడిగినప్పుడు పంచనామాలో ఉన్నది ఉన్నట్టు చెప్పేశాడు. మా సీనియర్ లేచి ఎంతో మర్యాదగా మొదలుపెట్టాడు.

"పంచనామా ఎవరు రాశారండీ?"

"స్టేషన్ రైటర్ గారు రాశారండి."

"మీరు వెళ్లేసరికి రాయడం మొదలైందా?"

"సగం దాకా అయిందండి."

"మీరు జీపెక్కాక ముద్దాయి దారి చెప్పాడా, జీపు సరాసరి ఆ చోటికి వెళ్లిందా?"

ఆయన కాసేపు ఆలోచించాడు. అబద్ధం చెప్పాలని లేదు పాపం, గుర్తు తెచ్చుకుంటున్నాడు. "సరాసరి వెళ్లిందండి."

మా సీనియర్ ఇంకో ప్రశ్న అడగలేదు, కూర్చున్నాడు. పీపీ గారు ఫైలు మూసిన చప్పుడు నాకింకా గుర్తుంది. ఎందుకంటే ముద్దాయి చెప్పడం వల్ల చోటు తెలిసింది అన్నదే ఆ కిటికీకి కీలు. ఆ చోటు పోలీసులకి ముందే తెలుసేమో అన్న అనుమానం రాగానే కీలు ఊడిపోయింది. 2022లో సుప్రీంకోర్టు ఉత్తరప్రదేశ్‌కి చెందిన ఒక కేసులో ఉరిశిక్ష పడిన మనిషిని వదిలేస్తూ ఈ సంగతే వివరంగా చెప్పింది: మీడియేటర్లని ముందు స్టేషన్‌కి పిలవాలి, వాళ్ల ఎదుటే ముద్దాయి నోరు విప్పాలి, అతనన్న మాటలు అన్నట్టే రాయాలి, ఆ తర్వాతే అందరూ కలిసి బయల్దేరాలి. క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో కొత్త నాగరిక్ సురక్షా సంహిత వచ్చాక సోదాలు, స్వాధీనాలు వీడియో తీయడం తప్పనిసరి అయింది. మంచిదే, కానీ కెమెరా ఆన్ చేయకముందు జీపు ఎక్కడెక్కడ తిరిగిందో వీడియోలో ఉండదు కదా.

సరే, ఒప్పుకోలు పక్కన పెట్టేద్దాం. సాక్షులున్నారు కదా అంటారు. ఉంటారు, చార్జిషీటులో పాతికమంది పేర్లుంటాయి. వాళ్లు పోలీసులకి చెప్పినట్టు రాసి ఉన్న వాంగ్మూలాలు కూడా సాక్ష్యం కావు, ఇది చాలామందికి తెలియదు. వాటి మీద సాక్షి సంతకం కూడా ఉండకూడదు. బోనెక్కి ప్రమాణం చేసి చెప్పిందే సాక్ష్యం. పోలీసులకి ఒకలా, కోర్టులో ఇంకోలా చెప్తే ఆ తేడా ఎత్తి చూపించడానికి మాత్రమే పాత కాగితం పనికొస్తుంది. అందుకే సాక్షి బోనులో "నేను పోలీసులకి అలా చెప్పలేదండి" అంటే చాలు, పీపీ గారు హోస్టైల్‌గా ప్రకటించమని జడ్జి గారిని అడిగి, తన సాక్షిని తనే క్రాస్ చేసుకోవాల్సి వస్తుంది. అలా తిరగబడ్డ సాక్షి చెప్పినదంతా చెత్తబుట్టలో పడదు, నమ్మదగ్గ భాగం ఏదైనా ఉంటే కోర్టు వాడుకోవచ్చు. ఒక అబద్ధం చెప్పాడు కాబట్టి అన్నీ అబద్ధాలే అనే సూత్రం మన కోర్టులు ఒప్పుకోవు. ధాన్యం తూర్పారబట్టినట్టు పొల్లు పోగొట్టి గింజ ఉంచుకోవాలంటాయి. గింజే లేకపోతే ఏం చేస్తారన్నది వేరే సంగతి.

ఎంతమంది చెప్పారన్నది లెక్క కాదు, చట్టంలోనే రాసుంది, ఫలానా ఇంతమంది సాక్షులు కావాలని ఏమీ లేదు. 1957లో వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు సాక్షుల్ని మూడు రకాలుగా చూసింది. పూర్తిగా నమ్మదగ్గవాడు, పూర్తిగా నమ్మకూడనివాడు, మధ్యలో ఉండేవాడు. మొదటి రకం ఒక్కడు చాలు శిక్ష వేయడానికి. రెండో రకం వందమంది ఉన్నా దండగ. జడ్జిలకి తలనొప్పి తెచ్చేది మూడోవాడు, నిజానికి మనలో ఎక్కువమంది ఆ మూడో రకమే. చూసింది కొంత, విన్నది కొంత, ఊళ్లో అనుకోగా స్థిరపడింది కొంత. అలాంటివాడి మాటకి ఇంకో చోట నుంచి ఊతం కావాలి.

"విన్నది" అంటే గుర్తొచ్చింది. ఎవరో చెప్పగా విన్నాను అన్న మాట కోర్టులో మామూలుగా చెల్లదు, అసలు మనిషినే పిలిచి క్రాస్ చేయాలి. మరి ఆ మనిషి బతికి లేకపోతే? దీనికీ ఒక తెలుగు కేసే ఆధారం, 1939లో ప్రివీ కౌన్సిల్ తేల్చిన పాకాల నారాయణస్వామి కేసు. పిఠాపురంలో ఉండే ఒకతను తనకి రావాల్సిన బాకీ కోసం బరంపురం రమ్మన్నారని భార్యకి చెప్పి బయల్దేరాడు. రెండ్రోజులకి పూరీ స్టేషన్లో రైలు పెట్టెలో ఒక ఇనప ట్రంకు దొరికింది, అందులో అతని శవం. భార్యతో అన్న ఆ మాటని కోర్టులో చెప్పొచ్చా? అప్పటికి అతనికి చావు భయమేమీ లేదు, మామూలుగా ప్రయాణం కట్టుకుంటున్నాడు. ఇంగ్లండులో అయితే చెల్లేది కాదు. ఇక్కడ చెల్లుతుందన్నారు, ఎందుకంటే మన చట్టం అడిగేది చావుకి దారితీసిన పరిస్థితుల గురించి చెప్పాడా లేదా అన్నదే. గుమ్మం దాటుతూ ఇంట్లో చెప్పిన ఒక మాట అలా మరణ వాంగ్మూలాల కోవలో చేరింది.

ఈ రోజుల్లో అందరూ అడిగేది వాట్సాప్ సంగతి. "స్క్రీన్‌షాట్ ఉంది సార్" అంటూ వస్తారు. ఉంటే సంతోషం, కానీ అది నకలు. ఫోను గానీ సీసీ కెమెరా హార్డ్‌డిస్క్ గానీ అసలుది తెచ్చి చూపిస్తే ఒక లెక్క, పెన్‌డ్రైవ్‌లో ఎక్కించి తెస్తే దానికి సర్టిఫికెట్ ఉండాలి. 2014లో ఒకసారి, 2020లో మళ్లీ ఒకసారి సుప్రీంకోర్టు ఖరాకండిగా చెప్పింది. కొత్త చట్టంలో 63వ సెక్షన్ కింద ఆ సర్టిఫికెట్‌కి ఫారమే ఇచ్చారు, ఫైలు మారలేదని చూపించే హ్యాష్ విలువ రాయాలి, నిపుణుడి సంతకమూ కావాలి. గొడవ జరిగిన వెంటనే ఫోను మార్చేసి పాతది ఎక్స్‌ఛేంజ్‌లో ఇచ్చేసిన క్లయింట్లు నాకు తగిలారు. వాళ్లకి ఏం చెప్పాలో ఇప్పటికీ తెలీదు.

ఇవన్నీ దాటుకుని లోపలికి వచ్చిన సాక్ష్యాన్ని ఎంత నమ్మాలి? చట్టం లెక్కల్లో చెప్పదు. వివేకం ఉన్న మనిషి అది నిజమేననుకుని తన పని కానిచ్చుకునేంత నమ్మకం కుదిరితే అది రుజువైనట్టే అంటుంది. మనం ఇల్లు కొనేముందు ఈసీ తీసి, లింకు డాక్యుమెంట్లు చూపించుకుని, పక్కింటాయన్ని ఒక మాట అడిగి, ఆ తర్వాత అడ్వాన్సు ఇస్తాం చూడండి, దాదాపు ఆ నమ్మకం. సివిల్ కేసులకి అది సరిపోతుంది. క్రిమినల్ కేసులో మాత్రం కొలబద్ద ఇంకా పైన ఉంటుంది, సహేతుకమైన అనుమానం ఏదీ మిగలకూడదు. "చేసి ఉండొచ్చు" వేరు, "చేసే తీరాడు" వేరు, ఆ రెంటికీ మధ్య చాలా దూరం ఉందని 1973లో సుప్రీంకోర్టు అంటే, ఇప్పటికీ సగం తీర్పుల్లో ఆ మాట కనపడుతుంది. అందుకే ఒకే యాక్సిడెంటులో లారీ డ్రైవర్ క్రిమినల్ కోర్టులో నిర్దోషిగా బయటికొస్తాడు, పక్క బిల్డింగులో మోటారు ప్రమాదాల ట్రిబ్యునల్ అతని నిర్లక్ష్యమేనని తేల్చి చనిపోయినవాళ్ల ఇంటికి నష్టపరిహారం ఇప్పిస్తుంది. రెండూ సరైన తీర్పులే కావచ్చు. ఇది ఆ ఇంటివాళ్లకి అర్థమయ్యేలా చెప్పడం మాత్రం నా వల్ల కాలేదు.

వీఆర్వో గారి కేసు ఏమైందని అడుగుతారేమో. కత్తి దొరికింది ఊరి బయట ఒక గడ్డివామిలోనే, కోటయ్య కేసులోలాగే. మా సీనియర్ కూర్చున్నాక జడ్జి గారు రాసుకుంటున్న పెన్ను ఆపి, కళ్లజోడు పైనుంచి చూస్తూ ఆయనే ఒక ప్రశ్న వేశారు.

"ఆ వామికి చుట్టూ కంచె ఉందా?"

"లేదండి. దారి పక్కనే. ఊళ్లో గొడ్లన్నీ అటే పోతాయి."

జడ్జి గారు ఆ మాట కూడా రాసుకున్నారు.